పుటలలోనుండి వెడలిన డ్రాగన్

పిల్లలకు అద్భుతకథలు చెప్పవచ్చునా, చెప్పరాదా యను వాదము నేటిది కాదు. లేని మృగములను ఉన్నట్లు చెప్పుట అసత్యమని కొందఱందురు. అవి భయము పుట్టించునని కొందఱందురు. పరీక్షలకు పనికిరావని మఱికొందఱి యాక్షేపణ. పాఠశాల గ్రంథాలయపు బీరువా తాళపుచెవి చేతనున్న ఉపాధ్యాయునకు ఇది వట్టి సిద్ధాంతచర్చ కాదు. తలుపు తీయవలెనా, మూసియుంచవలెనా యని ఆయన ప్రతిదినము నిర్ణయింపవలసియే యుండును. ఈ ప్రశ్నకు ఇంగ్లండు దేశపు రచయిత్రి యొకరు నూఱేండ్లకు పూర్వమే సమాధానము చెప్పినారు. ఆ సమాధానము వ్యాసరూపమున గాక కథారూపమున నున్నది. అందు గ్రంథాలయము కలదు, మాయ కలదు, ఎఱ్ఱని డ్రాగన్ కూడ కలదు.

ఆమె పేరు ఈడిత్ నెస్బిట్. 1858వ సంవత్సరము ఆగస్టు 15వ తేదీన లండనులో జన్మించెను. తండ్రి వ్యవసాయ రసాయన శాస్త్రజ్ఞుడు. ఆమెకు నాలుగేండ్లు నిండకమునుపే మరణించెను. 1880లో హ్యూబర్ట్ బ్లాండును వివాహమాడెను. కొలదికాలములోనే భర్త మశూచికము పాలగుటయు, వ్యాపారము చెడుటయు సంభవించి, కుటుంబభారము ఆమెపై బడినది. శుభాకాంక్షల కార్డులకు రంగులు వేసియు, పత్రికలకు పద్యములు, కథలు వ్రాసియు ఆమె సంసారము నడపెను. ‘ఈ. నెస్బిట్’ అని మాత్రమే పేరు వేసికొనుటచే పెక్కుమంది పాఠకులు ఆమెను పురుషుడని తలచిరి. ఆమెకు చిరకీర్తి తెచ్చిన బాలగ్రంథములు నలుబది యేండ్ల ప్రాయమున గాని వెలువడలేదు. 1899లో ‘స్ట్రాండ్’ మాసపత్రికలో ఆమె డ్రాగన్ కథలు వరుసగా వచ్చెను. మఱుసటి సంవత్సరము ఎనిమిది కథలతో ‘ది బుక్ ఆఫ్ డ్రాగన్స్’ అను గ్రంథము ప్రకటితమైనది. మిల్లర్ అను చిత్రకారుడు వానికి బొమ్మలు వేసెను.

డ్రాగన్ అనగా మన రాక్షసుడు కాదు, మన నాగుడును కాదు. సర్పమువంటి దేహము, గబ్బిలమువంటి ఱెక్కలు, నోట నిప్పు గల ఐరోపా ఖండపు కల్పితమృగమది. గుహలో నిధిపై పండుకొనియుండుట దాని వృత్తి. సెయింట్ జార్జివంటి వీరుని చేత చచ్చుట దాని విధి. పందొమ్మిదవ శతాబ్ది చివర ఆంగ్ల రచయితలు ఈ విధిని మార్చసాగిరి. 1898లో కెన్నెత్ గ్రాహం వ్రాసిన కథలోని డ్రాగన్‌కు యుద్ధమన్న నిరుత్సాహము, పద్యములన్న ప్రీతి. నెస్బిట్ మఱియొక అడుగు ముందునకు వేసి, డ్రాగన్‌ను గుహలోనుండి తెచ్చి పుస్తకములో పెట్టినది.

ఆమె సంపుటములోని మొదటి కథ పేరు ‘మృగముల పుస్తకము’. లయొనెల్ అను చిన్నబాలుడు కొయ్యదిమ్మలతో మేడ కట్టి ఆడుకొనుచుండగా, అతడు రాజైనాడని వార్త వచ్చెను. కిరీటముతోపాటు పూర్వికుల గ్రంథాలయము కూడ అతనికి సంక్రమించినది. ఆ పుస్తకములు చదువవలదని పెద్దలు హెచ్చరించిరి. బాలుడు విన్నాడా? ఒక పెద్ద పుస్తకమును తెఱచెను. మొదటి పుటలోని సీతాకోకచిలుక ఱెక్కలల్లార్చి ఎగిరిపోయినది. తరువాతి పుటలోని నీలివన్నె స్వర్గపక్షియు అట్లే పోయినది. పెద్దలు పుస్తకమును దాచిరి. అయినను బాలుడు మరల దానిని సంపాదించి ఇంకొక పుట త్రిప్పెను. ఈసారి వెడలినది ఎఱ్ఱని డ్రాగన్.

అది ఒక శనివారము కాల్బంతి యాటగాండ్రను మ్రింగెను. పార్లమెంటును మ్రింగెను. అనాథశరణాలయమును సైతము మ్రింగెను. తాను చేసిన తప్పునకు ప్రజలు బలియగుట చూచి బాలరాజు దుఃఖించి, పుస్తకమును మరల తెఱచి మాంటికోరా యను మృగమును పిలిచెను. పేరు గంభీరమే గాని అది పిఱికిది. అదియు డ్రాగన్‌కు ఆహారమైనది. అటుపై గుఱ్ఱపు దేహము, పక్షి ఱెక్కలు గల హిప్పోగ్రిఫ్‌ను పిలిచి, దానిపై నెక్కి చెట్టొక్కటియు లేని ఱాళ్ళబీడునకు ఎగిరెను. డ్రాగన్ వెంబడించెను. నడిమధ్యాహ్నపు టెండ దానికి పడదు. నీడ లేనిచో లోపలి వేడిమి చేతనే అది కాలిపోవును. ఆ బీడులో నున్నది ఒక్కటే చెట్టు. అది బాలుడు తెఱచియుంచిన పుస్తకములోని బొమ్మచెట్టు. డ్రాగన్ ఆ నీడకై పుటలోనికి దూఱినది. బాలుడు పుస్తకమును టప్పున మూసెను. మ్రింగబడినవారందఱును, లోపల చోటు చాలమి, వెలుపలనే మిగిలిరి.

కథ వినోదమునకే చెప్పబడినది. నీతివాక్యము చివర అతికింపబడలేదు. అయినను ఉపాధ్యాయుడు దీనిని తరగతిలో చదివినచో పిల్లలే ఒక సంగతి కనుగొందురు. పుస్తకము తెఱచుట తప్పని కథ చెప్పదు. తప్పే యైనచో బాలుడు దానిని తగులబెట్టి సుఖముగా నుండవలసినది. అతడట్లు చేయలేదు. అపాయము ఏ పుస్తకమునుండి వచ్చినదో, ఉపాయమును ఆ పుస్తకమునందే వెదకెను. మొదట వేడుకకు తెఱచెను, పిమ్మట కుతూహలమునకు తెఱచెను, మూడవసారి తొందరపాటున బలమును కోరి తెఱచెను. ఆలోచించి తెఱచినది చివరిసారి మాత్రమే. చదువరియగుట యనగా ఈ నాలుగు మెట్లును ఎక్కుటయే.

భయమును గూర్చి ఆమెకు ఎవరును చెప్పనక్కఱలేదు. 1896, 1897 సంవత్సరములలో బాలికల పత్రిక యొకదానిలో ఆమె తన చిన్ననాటి స్మృతులు ప్రకటించెను. పసితనములో ఫ్రాన్సు దేశపు బోర్డో నగరమున ఒక చర్చి నేలమాళిగలో ఎండిపోయిన మృతదేహముల వరుసలను చూచుటయే తన బాల్యమునకెల్ల ఘోరభయమని అందు చెప్పినది. మ్యూజియములో భద్రపఱచిన మమ్మీలవంటివి చూతునని ఆశతో వెళ్ళినది, కనబడినవి వేఱు. ఆ చీకటిభయము ఆమెను ఏండ్లతరబడి వదలలేదు. ఆ భయమునకు పేరు పెట్టి, కథ చెప్పి, దారి చూపినవారు అప్పుడెవరును లేరు. ఆమె డ్రాగన్‌ల కన్నింటికిని పేరు, ఆకారము, ఒక బలహీనత కలవు. బిడ్డ మనస్సులోని పేరులేని భయమునకును, కథలోని భయమునకును గల భేదమిదియే.

అందుచేతనే ఆమె డ్రాగన్‌లు నవ్వించును గూడ. ఒక కథలో ఎఫీ యను బాలిక కంటిలో నలుసు పడును. తీసి చూడగా అది చిన్ని డ్రాగన్! క్రమముగా దేశమంతయు డ్రాగన్‌లతో నిండును. ఎఫీయు, ఆమె సోదరుడును నిద్రించుచున్న సెయింట్ జార్జిని లేపినను, ఇన్నింటిని చంపుట తన వలన కాదని వీరుడు తప్పించుకొనును. తుదకు ఎండను, వానను నడపు కుళాయిల గది కనిపెట్టి, పిల్లలే వాన కురిపించి దేశమును రక్షింతురు. వేఱొక కథలో డ్రాగన్ ఒకటి పాలు, రొట్టె తినుచు తినుచు మెత్తబడి, చిన్నదై, లోకమున మొదటి పిల్లి యగును. ఆమె మరణానంతరము 1925లో గ్రంథస్థమైన ‘చివరి డ్రాగన్’ కథలో రాజకుమారి తన్ను కట్టివేసి ఎవరో వచ్చి విడిపింపవలెనన్న ఆచారమును నిరసించును. డ్రాగన్‌కును పోరాట మక్కఱలేదు. ఎన్నడును ఎఱుగని ఆప్యాయపు పిలుపొకటి వినగానే అది కన్నీరు పెట్టుకొనును.

ఆమె మాయకు మఱియొక గుణము కలదు. అది నియమబద్ధము. 1902లో వెలువడిన ‘ఐదుగురు పిల్లలు, అది’ యను నవలలో ఇసుకగోతిలో దొరకిన వింతజీవి దినమున కొక కోరిక తీర్చును. సూర్యాస్తమయమున ఆ వరము మాయమగును. ఱెక్కలు కోరిన పిల్లలు ప్రొద్దుక్రుంకువేళకు చర్చి గోపురముపై చిక్కుకొందురు. బంగారు నాణెములు కోరగా ప్రాతకాలపు నాణెములు దొరకును. అంగడివారు వానిని పుచ్చుకొనరు. కోరిక కోరుటకు ముందు దాని ఫలితమును లెక్కించుట పిల్లలు కష్టపడి నేర్చుకొందురు. ఇట్టి కథ తర్కమునకు విరోధి యని ఎవరనగలరు?

గ్రంథాలయమే ఊరైన కథ కూడ ఆమె వ్రాసెను. 1901 నాటి సంపుటములో ఇద్దఱు పిల్లలు గ్రంథాలయపు గదిలో పుస్తకములతో, దిమ్మలతో పట్టణము కట్టి అందు ప్రవేశింతురు. ఆ పట్టణమున తమ యిల్లే కనబడును. ఆ యింట గ్రంథాలయము, అందు మరల ఆ పట్టణము! ఆ పిల్లలకు ఆమె తన యింటి బిడ్డల పేర్లే, రోజమండ్, ఫేబియన్ అని పెట్టినది. ఫేబియన్ 1900లో పదునైదేండ్ల ప్రాయమున శస్త్రచికిత్స పిమ్మట మరణించెను. మఱుసటి యేట వెలువడిన గ్రంథములో ఆ పేరుగల బాలుడు పుస్తకముల వీథులలో పరుగెత్తుచునే యున్నాడు.

1910 నాటి ‘మాయానగరము’లో ఈ యూహ నవలయైనది. అందు తెఱచిన పుస్తకములోనుండి జూలియస్ సీజరు సైన్యముతో వెలికి వచ్చును. ఇట్టి నగరములను ఆమె చదరంగపు కాయలతో, ఇత్తడి పాత్రలతో, పుస్తకములతో స్వయముగా కట్టి, లండనులోని ఒలింపియా ప్రదర్శనమున చూపెను కూడ. ఎట్లు కట్టవలెనో, బిడ్డల భావనాశక్తిని ఎట్లు పోషింపవలెనో 1913లో పెద్దల కొఱకు వేఱొక పుస్తకము వ్రాసెను. కొన్న బొమ్మలకంటె ఇంటిలోని సామాన్య వస్తువులతో బిడ్డ నిర్మించినదే గొప్పదని దాని సారము. బీద పాఠశాలకు ఇంతకంటె అనుకూలమైన బోధ వేఱొకటి యుండదు.

ఆమె 1924లో దివంగతురాలైనది. ఆమె తెఱచిన పుస్తకము మాత్రము మూతపడలేదు. నార్నియా కథలు వ్రాసిన సి. ఎస్. లూయిస్ బాల్యమున ఆమె గ్రంథములు చదివినవాడు. 1952 నాటి ఆయన నవలలో యూస్టస్ అను బాలుడు కలడు. ఎగుమతులు, దిగుమతులు, ప్రభుత్వములను గూర్చిన పుస్తకములే గాని డ్రాగన్ కథ నెన్నడును చదువలేదు. ఒక దీవిలో డ్రాగన్ ఎదురైనపుడు అది యేమో అతనికి తెలియలేదు. దాని నిధిపై దురాశతో నిద్రించి, తానే డ్రాగనై మేల్కొనెను. కథలనుండి కాపాడబడిన బిడ్డ అపాయమునుండి కాపాడబడినట్లు కాదని లూయిస్ నవ్వుచునే చెప్పినాడు.

అమెరికా రచయిత ఎడ్వర్డ్ ఈగర్ తన కుమారునకు చదివి వినిపించుటకు పుస్తకములు వెదకుచు నెస్బిట్‌ను కనుగొనెను. 1954 నాటి ఆయన ‘సగము మాయ’లో ఒక నాణెము కోరిన కోరికలో సగమే యిచ్చును, కావున పిల్లలు రెండింతలు కోరుట నేర్చుకొందురు. ఆ పిల్లలు గ్రంథాలయమునుండి తెచ్చుకొని చదువునవి నెస్బిట్ నవలలే. 1962 నాటి ‘ఏడుదినముల మాయ’లో పిల్లలు గ్రంథాలయమునుండి ఒక ఎఱ్ఱని పుస్తకమును ఎరువు తెత్తురు. తెఱచి చూడగా తామాడిన మాటలే అందున్నవి! గడువు ఏడుదినములు.

మృగములును పుస్తకమును కలిసిన గాథ మనకును కలదు. శాతవాహనుని కొలువున ఆదరము పొందని బృహత్కథను గుణాఢ్యుడు అడవిలో ఒక్కొక్క పత్రమే చదువుచు అగ్నికి అర్పించెనని కథాసరిత్సాగరము చెప్పుచున్నది. మృగములు మేత మఱచి, కన్నీటితో వినినవి. రాజు వచ్చి చేరునప్పటికి ఏడు లక్షల శ్లోకములలో మిగిలినది ఒక లక్షయే. మృగములు గుర్తించిన విలువను కొలువు ఆలస్యముగా గుర్తించినది. పోయిన ఆఱు లక్షలను తిరిగి తెచ్చువారు లేరు.

బీరువా యెదుట నిలిచిన ఉపాధ్యాయునకు ఈ రెండు గాథలును చాలును. పిల్లవాడు అద్భుతకథ యడిగినపుడు ఇచ్చి ఊరకుండుటయు పూర్తి పని కాదు. లయొనెల్‌ను హెచ్చరించిన పెద్దలలో ఒక్కరును అతని ప్రక్కన కూర్చుండి ఆ పుస్తకము చదువలేదు. చదివియున్నచో బొమ్మలోని చెట్టునీడ ముందే కనబడి యుండెడిది. పిల్లవానితో కలిసి రెండు పుటలు చదువుడు. ఏ మృగము వెడలినదో, దానికి ఏ నీడ కావలెనో వానినే యడుగుడు. గడువు దినమున పుస్తకమును మరల తెప్పించి, యథాస్థానమున నుంచుడు. దానికై వేఱొక బిడ్డ వేచియుండును.