స్వరకర్త కీరవాణి

తెలంగాణ రాష్ట్ర గీతమును వ్రాసిన కవి అందెశ్రీ అని మీలో చాలమందికి తెలియును. బడికి పోవు భాగ్యము లేక, పశువులను కాచి, తాపీపని చేసి, బ్రతుకే బడిగా కవియైన వారాయన. 2025వ సంవత్సరమున దివంగతులైరి. ఆ గీతమునకు వరుస కట్టిన దెవరని అడిగినచో మాత్రము చెప్పగలవారు తక్కువ. 2024లో దానికి స్వరకల్పన చేసినవారు ఎం. ఎం. కీరవాణి.

మన ధర్మపురిని, మంథనిని ఒరసికొని పోవు గోదావరి ఒడ్డుననే, చాల దిగువన, కొవ్వూరు అను ఊరు కలదు. కీరవాణిగారు అచ్చట 1961 జూలై 4వ తేదీన జన్మించిరి. వారి తండ్రి శివశక్తి దత్త కవి, చిత్రకారుడు. 21వ మేళకర్త రాగము పేరే కుమారునకు పెట్టిరి. పేరు రాగముదైనంత మాత్రమున సంగీతము దానంతటది రాదు గదా! 1987 నుండి కీరవాణిగారు సంగీతదర్శకులు చక్రవర్తిగారి వద్ద సహాయకులుగ పనిచేసిరి. తమ పేరు తెరపై కనబడని రోజులవి. 1990లో ‘మనసు మమత’ చిత్రముతో వారి పేరు లోకమునకు తెలిసెను. తమిళమున మరకతమణి అనియు, హిందీలో ఎం. ఎం. క్రీం అనియు వేరు పేర్లతో వ్యవహరింపబడిరి. 1997లో వచ్చిన ‘అన్నమయ్య’ చిత్రసంగీతమునకు జాతీయ పురస్కారము లభించెను.

స్వరకర్త చేయు పని యేమి? దర్శకుడు కథలోని సందర్భమును చెప్పును. స్వరకర్త దానికి తగిన రాగమును, లయను ఊహించి వరుస కట్టును. చలనచిత్రములలో తరచుగ వరుస ముందు పుట్టును. కవి దానికి పదములు కూర్చును. పదము ఎంత మంచిదైనను తాళమున ఇముడనిచో పాట కుంటుపడును. బడి వార్షికోత్సవములకు పాటలు నేర్పిన నాకు ఈ చిక్కు బాగుగ తెలియును. పాటలు ముగిసిన పిదప, మాటలు లేని చోట్ల కథను నడుపు నేపథ్య సంగీతము కూర్చుట మరియొక పెద్ద పని. ప్రేక్షకుడు దానిని వినుచునే యుండును, కాని విన్నట్లు ఎరుగడు.

2022లో విడుదలయైన ‘ఆర్.ఆర్.ఆర్.’ చిత్రములోని ‘నాటు నాటు’ పాటను తీసికొందము. దాని లయ ఆరు మాత్రలది. ఒకటి మొదలు ఆరు వరకు లెక్కించుచు, ఒకటవ మాత్రకును నాలుగవ మాత్రకును గట్టిగ చప్పట్లు కొట్టి చూడుడు: తకిట, తకిట. మన పల్లెలలో పండుగనాడు డప్పు మ్రోగగనే పిల్లల కాళ్లు నిలువకుండుటకు కారణము ఇట్టి నడకయే. ఆ పాట వ్రాసిన చంద్రబోసుగారిది మన పొరుగుననున్న చల్లగరిగ గ్రామము. పాటలో అధికభాగమును ఆయన ఒక పూటలోనే వ్రాసిరట. మిగిలిన కొద్దిభాగము పూర్తియగుటకు పందొమ్మిది నెలలు పట్టెను! 2023 మార్చిలో అమెరికాలో వారిద్దరును ఆస్కారు బహుమతి నందుకొనిరి. భారతీయ చిత్రములోని పాటకు ఆ బహుమతి వచ్చుట అదియే ప్రథమము.

టెలివిజనుకు పాట కట్టుట మరియొక తీరు. 2001లో మొదలైన ‘అమృతం’ ధారావాహికకు ముఖగీతమును కూర్చినవారు కీరవాణిగారి తమ్ముడు కల్యాణి మాలిక్. వారమువారము అదే పాట వినబడవలెను, విసుగు పుట్టరాదు. కథ యొక్క స్వభావము ఆ కొద్ది నిముషములలోనే తెలియవలెను. ఇది తేలికయని తలపకుడు.

ఇక మన గీతము మాట. స్వరకర్త ఆంధ్రప్రాంతీయుడగుటచే, ఆ పనిని తెలంగాణ కళాకారునికే అప్పగింపవలసియుండెనని ఇచ్చటి సినీ సంగీతకారులు 2024లో అభ్యంతరము తెల్పిరి. స్వరకర్తను ఎన్నుకొను భారమును కవికే విడిచితిమని ముఖ్యమంత్రి బదులు చెప్పిరి. అవకాశములు చాలకాలము దూరమైనవారి బాధను త్రోసిపుచ్చరాదు. తన పాటను ఎవరి చేతిలో పెట్టవలెనో నిర్ణయించుకొను హక్కు కవికి లేదనుటయు తగదు. నాకు ఈ రెండు మాటలును న్యాయముగనే తోచుచున్నవి. గీతము రెండు రూపములలో సిద్ధమైనది: సభలకు క్లుప్తమైనది యొకటి, చరణములన్నియు గలది మరియొకటి. 2024 జూన్ 2వ తేదీన, రాష్ట్రమేర్పడి పదేండ్లు నిండిన నాడు, సికింద్రాబాదు కవాతు మైదానమున అది రాష్ట్ర గీతముగ వినిపించెను.