అరుదైన పోకెమాన్‌కి వంటింటి దారి

సెలవులొచ్చాయంటే పిల్లలున్న ఇళ్లలో ఒకటే పాట. "ఆ ఆట కట్టేసి అన్నానికి రండర్రా" అని మనం. "ఒక్క నిమిషం అమ్మా, ఇప్పుడే వచ్చేలా ఉంది" అని వాళ్లు. వచ్చేదేమిటో మనం అడగం, వాళ్లు చెప్పరు. ఈలోగా పప్పుచారు కాస్తా చల్లారిపోతుంది.

ఆ వచ్చేదేమిటో ఈసారి తెలుసుకుందాం. తెలిస్తే పిల్లల్ని ఎప్పుడు లేపాలో, ఎప్పుడు ఓ పావుగంట ఓపిక పట్టాలో, పర్సు ఎక్కడ భద్రంగా దాచుకోవాలో కూడా తెలుస్తుంది. పైగా ఇందులో మన వంటింటి సంగతులు బోలెడున్నాయి. నిజమండీ!

పురుగులు పట్టిన అబ్బాయి

పోకెమాన్ జపాన్ దేశపు ఆట. గడ్డిలో, చెరువుల్లో, గుహల్లో తిరిగే వింత జీవుల్ని బంతుల్లో పట్టి, పెంచి, పోటీలకు దింపడమే ఇందులో పని. దీన్ని తయారుచేసిన సతోషి తజిరి చిన్నతనంలో టోక్యో దగ్గర మచిదా అనే ఊళ్లో పెరిగాడు. చెరువుగట్ల వెంట తిరిగి పురుగులు పట్టడమంటే ఆయనకు పిచ్చి. తోటి పిల్లలు 'పురుగుల డాక్టరు' అని పిలిచేవారట. ఊరు పెరిగింది. పొలాలు, చెరువులు పోయి ఇళ్లు లేచాయి. పురుగులూ పోయాయి. ఆ సరదా పట్నం పిల్లలకు మళ్లీ చూపించాలన్న కోరికలోంచే ఈ ఆట పుట్టింది.

1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో రెడ్, గ్రీన్ అని రెండు ఆటలు ఒకేసారి వచ్చాయి. కొన్ని జీవులు ఒకదాన్లోనే ఉంటాయి, కొన్ని రెండోదాన్లోనే ఉంటాయి. అన్నీ కావాలంటే స్నేహితుడితో ఇచ్చిపుచ్చుకోవాల్సిందే. మనం పక్కింటికి ఆవకాయ ఇచ్చి మాగాయ తెచ్చుకున్నట్టు! అప్పట్లో అందరికీ చెప్పినవి 150. ఇప్పుడు వెయ్యి దాటాయి.

ఆ 150 కాక, మ్యూ అని 151వది ఒకటి రహస్యంగా దాగి ఉంది. షిగెకి మొరిమోతో అనే ఆయన ఆట పూర్తయ్యే చివరి రోజుల్లో, మిగిలిన కాస్త చోటులో దాన్ని ఇరికించాడు. ఆ సంగతి పిల్లల నోట పడి ఊరంతా పాకింది. ఆఖరికి 'కొరోకొరో' అనే పిల్లల పత్రిక 20 మందికి మ్యూని ఇస్తామని ప్రకటిస్తే, 78 వేల మంది ఉత్తరాలు రాశారు. అరుదైన వస్తువంటే అంత మోజు మరి!

ఐదు రుచుల చేప

ఈ ఆటల్లో అరుదు అనేది రెండు రకాలు. కొన్ని జీవులు ఉండే చోటే అరుదు. కొన్నిటికి రంగు అరుదు. ముందు చోటు సంగతి చూద్దాం.

2002లో వచ్చిన రూబీ, సఫైర్ ఆటల్లో ఫీబస్ అని ఒక చేప ఉంది. వెలిసిన రంగు, చిరిగిన రెక్కలు, చూడ్డానికి ఏమీ బాగుండదు. ఒక్క నదిలోనే దొరుకుతుంది. ఆ నదిలో గాలం వెయ్యడానికి నాలుగు వందలకు పైగా గళ్లు ఉంటే, ఫీబస్ ఉండేది 6 గళ్లలోనే! ఆ ఆరూ ఏవో మీ ఆటలో ఒకలా, పక్కింటి అబ్బాయి ఆటలో మరోలా ఉంటాయి. కాబట్టి ఒకరిని చూసి ఒకరు కాపీ కొట్టడం కుదరదు. ఒక్కో గడిలో నాలుగైదుసార్లు గాలం వేసి చూసుకుంటూ పోవాల్సిందే.

దొరికాక అసలు పని మొదలవుతుంది. ఈ చేపకి అందం పెంచితే మైలోటిక్ అనే బంగారంలాంటి జీవిగా మారుతుంది. అందం పెంచేది ఎలాగంటారా? వండి పెట్టి! ఆటలో చెట్లకు రకరకాల చిన్న పళ్లు కాస్తాయి. వాటిని మిక్సీలో వేసి ముద్దలు చేసి తినిపించాలి. ఆ పళ్లకు ఐదు రుచులు. కారం, వగరు, తీపి, చేదు, పులుపు. ఉగాది పచ్చడికి ఉప్పు ఒక్కటే తక్కువ! ఫీబస్‌కి అందం వచ్చేది వగరుతో. ఇంగ్లీషు ఆటలో దీన్ని 'డ్రై' అని రాశారు గానీ, జపాన్ వాళ్ల మాటకు అర్థం వగరే. ఇంగ్లీషువాళ్లకు సరైన మాట దొరకలేదు కాబోలు. మనకి ఉందిగా!

ఇక్కడే ఒక చిక్కు. ముద్ద సరిగా కుదరకపోతే చేపకు అందం రాకముందే కడుపు నిండిపోతుంది. నిండాక ఇక ఒక్క ముద్ద కూడా ముట్టదు. అందం చాలకపోతే ఆ ఆటలో ఆ చేప ఫీబస్‌గానే ఉండిపోవాలి. పైగా ఒక్కో జీవికి ఒక్కో స్వభావం. వగరంటే గిట్టని ఫీబస్ కూడా ఉంటుంది. ఇంట్లో నలుగురికి నాలుగు రుచులు చేసే మనకి ఇది వేరే చెప్పాలా!

2006లో వచ్చిన డైమండ్, పెర్ల్ ఆటల్లో మంచ్‌లాక్స్ అనే తిండిపోతు ఉంది. దానికోసం చెట్టుకు తేనె పూసి, 6 గంటలు ఆగి వచ్చి చూడాలి. అలాంటి చెట్లు 21 ఉంటే, మంచ్‌లాక్స్ వచ్చేవి నాలుగే. ఆ నాలుగింటి దగ్గర కూడా నూటికి ఒక్కసారే వస్తుంది. ఏ నాలుగో ఆట చెప్పదు. పొద్దున్న తేనె పూసి, బడికి వెళ్లొచ్చి చూసుకున్న పిల్లలు ఎంతమందో.

రంగు మారితే షైనీ

ఇప్పుడు మన పిల్లలు కలవరించే షైనీ సంగతి. 1999లో వచ్చిన గోల్డ్, సిల్వర్ ఆటలతో ఇది మొదలైంది. జీవి అదే, శక్తి అదే, రంగు మాత్రం వేరు. నీలంగా ఉండాల్సిన గ్యారడోస్ ఎర్రగా, ఎర్ర చేప మాజికార్ప్ బంగారు రంగులో కనిపిస్తాయి. పికాచూ అయితే పసుపు కాస్త ముదురుతుందంతే, కళ్లద్దాలు పెట్టుకుని చూడాలి! ఆ ఆటలో ఒక సరస్సు దగ్గర ఎర్ర గ్యారడోస్‌ని అందరికీ ఒకసారి చూపిస్తారు. అది రుచి చూపించడం. ఆ తర్వాత ఎవరికి వారే వెతుక్కోవాలి.

షైనీ రావడానికి అప్పట్లో 8,192లో ఒక వంతు అవకాశం. 2013లో వచ్చిన ఎక్స్, వై ఆటల నుంచి దాన్ని 4,096లో ఒకటి చేశారు.

చీటీపాట లెక్క కాదు

మా అన్నయ్య కూతురు అమెరికాలో, డల్లాస్‌లో తొమ్మిదో తరగతి చదువుతోంది. నాకు ఈ ఆటంతా నేర్పింది అదే. మొన్న సెలవుల్లో వచ్చినప్పుడు ఓ నోటుపుస్తకం పెట్టుకుని, జీవి కనిపించినప్పుడల్లా ఒక గీత గీసేది. ఐదు గీతలకు ఒక కట్ట, మన పాలవాడి లెక్కలాగా. వెళ్లేనాటికి 2,300 అయ్యాయి. షైనీ రాలేదు. "సగం పైగా అయిపోయిందిగా అమ్మడూ, ఇంకో పద్దెనిమిది వందలేగా!" అన్నారు మా అమ్మ. "అలా కాదు నాయనమ్మా" అని అది కూచోబెట్టి చెప్పింది.

మనకి తెలిసింది చీటీపాట. ఇరవై మంది కడితే ఇరవై నెలల్లో అందరికీ ఏదో ఒక నెల చీటీ వచ్చి తీరుతుంది. షైనీ అలా కాదు. ఒక పెద్ద డబ్బాలో 4,096 చీటీలున్నాయి, ఒక్కదాని మీదే బహుమతి రాసి ఉంది అనుకోండి. తీసిన చీటీని చూసి మళ్లీ డబ్బాలోనే పడేస్తారు. కాబట్టి ఎన్నిసార్లు తీసినా మరుసటిసారి అవకాశం అంతే. నూరు మంది 2,300 సార్లు చూస్తే, అందులో 57 మందికి అప్పటికింకా రాదు. పూర్తిగా 4,096 సార్లు చూసినా 37 మందికి రాదు. మా పిల్ల ఏమీ దురదృష్టవంతురాలు కాదన్నమాట!

ఇందులో అమ్మలకు పనికొచ్చే సంగతి ఒకటుంది. "ఇప్పుడు లేస్తే ఇంతసేపు పడ్డ కష్టం దండగ" అని పిల్లలు అంటారు చూడండి, మామూలు వేటలో అది నిజం కాదు. అన్నం తిని వచ్చినా, రేపు ఆడినా అవకాశం అదే. డబ్బాకి జ్ఞాపకం లేదు.

గొలుసు వేట మాత్రం వేరు. డైమండ్, పెర్ల్‌లో గడ్డిలో ఒకే రకం జీవిని వరసగా పట్టుకుంటూ పోతే అవకాశం పెరుగుతుంది. 40 దాకా తెగకుండా సాగితే సుమారు 200లో ఒకటి అవుతుంది. మధ్యలో తెగితే మళ్లీ ఒకటి నుంచి మొదలు. అలాంటప్పుడు ప్లగ్గు పీకేస్తే పిల్లవాడు ఏడ్చాడంటే తప్పు లేదు. ఆట కట్టెయ్యకుండా మిషన్‌ని నిద్రపుచ్చే దారి ఒకటుంటుంది. అలా చెయ్యమనండి. గొలుసు అలాగే ఉంటుంది, అన్నమూ వేడిగా ఉంటుంది.

దోసకాయ పెట్టిన శాండ్‌విచ్

2022 నవంబరులో వచ్చిన స్కార్లెట్, వయొలెట్ ఆటల్లో వేట మళ్లీ వంటింట్లోకి వచ్చింది. పిక్నిక్ బల్ల వేసి, రొట్టెలో ముక్కలు పేర్చి శాండ్‌విచ్ చెయ్యాలి. హెర్బా మిస్టికా అనే అరుదైన మసాలా ఆకు రెండు పడితే, అరగంటపాటు షైనీ వచ్చే అవకాశం బాగా పెరుగుతుంది. 4,096లో ఒకటి కాస్తా సుమారు 1,024లో ఒకటి అవుతుంది. ఏ రకం జీవి కావాలో లోపల పెట్టే కూర చెబుతుంది. కీర దోసకాయ పెడితే నీటి రకం, పసుపు క్యాప్సికం పెడితే కరెంటు రకం, టమాటా పెడితే ఫెయిరీ రకం. ఆ ఆకు దుకాణాల్లో అమ్మరు. పెద్ద పోరాటాల్లో గెలిస్తే, అదీ అప్పుడప్పుడు దొరుకుతుంది. అందుకే పిల్లలు దాన్ని మనం కుంకుమపువ్వు వాడినంత పొదుపుగా వాడతారు.

ఈ ఆటలో షైనీ దూరం నుంచి కనిపించినా చప్పుడు, మెరుపు ఏమీ ఉండవు. కళ్లతోనే పోల్చుకోవాలి. మన పోకెమాన్‌ని ఒంటరిగా పోట్లాడమని పంపితే, షైనీ ఎదురైతే అది కొట్టనని మొరాయిస్తుంది! అలా ఆగిపోయిందంటే చుట్టూ జాగ్రత్తగా చూడాలని గుర్తు.

ఇంకో దారి కూడా ఉంది. జునిచి మసుదా అనే దర్శకుడి పేరుతో 'మసుదా పద్ధతి' అంటారు. జపాన్ భాష ఆటలో పుట్టినదాన్ని, ఇంగ్లీషు ఆటలో పుట్టినదాన్ని జతచేస్తే, ఆ గుడ్లలోంచి షైనీ వచ్చే అవకాశం 683లో ఒకటి. వేరే భాష సంబంధమైతే పిల్లలు మెరిసిపోతారన్నమాట!

పర్సు జాగ్రత్త

ఇంతవరకు చెప్పిన ఆటల్లో ఒక మంచి ఉంది. ఒకసారి ఆట కొన్నాక, షైనీ కోసం ఆటలో మళ్లీ డబ్బు పెట్టే దారి లేదు. పెట్టాల్సింది ఓపిక ఒక్కటే. ఫోన్లో ఆడే ఆటలన్నీ ఇలా ఉండవు.

2012లో జపాన్‌లో పజిల్ అండ్ డ్రాగన్స్ అనే ఆట వచ్చింది. అందులో జీవులు గుడ్ల మిషన్‌లోంచి వస్తాయి. మిషన్ తిప్పాలంటే రాళ్లు కావాలి. రాళ్లు ఆడి సంపాదించుకోవచ్చు, డబ్బిచ్చి కొనుక్కోనూవచ్చు. ఇలాంటివాటిని 'గచా' అంటారు. కొన్ని ఆటలవాళ్లు ఇంకో మెట్టు ఎక్కి, గచాలో వచ్చే బొమ్మల సెట్టు మొత్తం పూర్తి చేస్తేనే పెద్ద బహుమతి అని పెట్టారు. మన చిన్నప్పుడు బబుల్‌గమ్ కాగితాల బొమ్మలు కూడబెట్టినట్టే. పది బొమ్మలు సమానంగా వస్తాయనుకున్నా, సెట్టు పూర్తవడానికి సగటున 29 కొనాలి. ఆ ఆఖరి ఒక్కదానికే పది! ఈ సెట్టు పద్ధతి చట్టానికి విరుద్ధమని 2012 మే నెలలో జపాన్ ప్రభుత్వపు వినియోగదారుల శాఖ తేల్చింది. మామూలు గచా మాత్రం ఇప్పటికీ నడుస్తూనే ఉంది.

మన దేశంలో 2016 డిసెంబరులో వచ్చిన పోకెమాన్ గో ఫోన్ ఆట. దాన్ని ఉచితంగానే ఆడుకోవచ్చు గానీ, గుడ్లు పొదిగే పెట్టెలు, పోరాటాల పాసులు నాణేలతో అమ్ముతారు. ఆ నాణేలు రూపాయలతో కొనొచ్చు.

మా ఎదురింటావిడ కొడుకు ఇలాంటి ఒక ఫోన్ ఆటలో "ఇన్నిసార్లు రాలేదు కాబట్టి ఈసారి తప్పక వస్తుంది" అనుకుంటూ తల్లి ఫోన్లోంచి మూడు వేలు ఖర్చుపెట్టాడు. ఆవిడకి బ్యాంకు మెసేజి చూశాకే తెలిసింది. ఆ పిల్లవాడు దొంగ కాదు. చీటీల డబ్బాకి జ్ఞాపకం లేదని వాడికి ఎవరూ చెప్పలేదు, అంతే.

అమ్మలకు నాలుగు మాటలు

* "మామూలు వేటా, గొలుసా, శాండ్‌విచ్చా?" అని అడగండి. మామూలుదైతే వెంటనే లేవమనండి. గొలుసైతే మిషన్‌ని నిద్రపుచ్చమనండి. శాండ్‌విచ్ అయితే ఆ అరగంట కానిచ్చి, రెండోది వెయ్యొద్దని ముందే చెప్పండి.

* ఫోన్లో ఏది కొన్నా ప్రతిసారీ పాస్‌వర్డ్ అడిగేలా సెట్టింగు పెట్టుకోండి. ఆ పాస్‌వర్డ్ మీ దగ్గరే ఉండాలి.

* "నీ షైనీ ముందు పంపు, నాది తర్వాత పంపుతా" అనే ముక్కూమొహం తెలియనివాళ్లని నమ్మొద్దని చెప్పండి. ఇచ్చిపుచ్చుకోవడం రెండువైపులా ఒకేసారి జరగాలి.

* పిల్లలు పాత ఆట ఎవరికైనా ఇచ్చేస్తుంటే, తమ్ముడు కొత్తగా మొదలుపెట్టడానికి పాతది చెరిపేస్తుంటే, ఒక్కసారి ఆపి అడగండి. నెలల తరబడి వెతికి పట్టినది అందులో ఉండొచ్చు. చెరిపితే మళ్లీ రాదు.

మా మేనకోడలు గీతల పుస్తకం ఇక్కడే వదిలేసి వెళ్లింది. "వచ్చే సెలవుల్లో 2,301 నుంచి మొదలుపెడతా అత్తా, జాగ్రత్త చెయ్యి" అంది. బీరువాలో చీరల కింద పెట్టాను.