ప్రయాణికనౌకలు - మనుష్యునకు దక్కిన చోటు

కాకతీయ గణపతిదేవ చక్రవర్తి క్రీ. శ. 1244-45 ప్రాంతమున మోటుపల్లి రేవున వేయించిన అభయశాసనము ఆంధ్రుల నౌకావాణిజ్యచరిత్రమునకు ముఖ్యాధారము. తుపానులకు చిక్కిన పరదేశపుటోడలు తీరమున బడినప్పుడు పూర్వపురాజులు అందలి సర్వస్వమును బలిమిని గైకొనుచుండిరనియు, గణపతిదేవుడు సుంకము మాత్రము గ్రహించి తక్కిన సొత్తును వర్తకులకే విడిచిపెట్టెననియు నందు చెప్పబడినది. సముద్రయానమునకు రాజు కల్పింపవలసిన రక్షణమనగా నానాటికి ప్రధానముగా సరకునకు రక్షణమే. ఓడ యెక్కువారిలో వర్తకులును నావికులును ముఖ్యులు. కేవలము ప్రయాణముకొరకు కేవు చెల్లించి వేలకొలదిగా నెక్కు జనులు లేరు. అట్టి జనసమూహమే ప్రధానమైన యాదాయముగా నోడలు నడచుట 19వ శతాబ్దమున గలిగిన మార్పు. ఆ యోడలు పెరిగిన విధమును, వానియందు మనుష్యునకు కొలిచి యిచ్చిన చోటు మారిన విధమును కలిపి చూచినగాని యీ చరిత్రము బోధపడదు.

ఇట్టి యోడను ఆంగ్లేయులు 'లైనరు' అందురు. ఒకే మార్గమున, ముందుగా ప్రకటించిన దినములందు, వరుసగా నడచు నోడల శ్రేణి 'లైను'. ఆ శ్రేణికి జెందిన యోడ లైనరు. కనుక నీ పేరు ఓడ పరిమాణమును బట్టి గాని వైభవమును బట్టి గాని వచ్చినది కాదు. కాలనియమమును బట్టి వచ్చినది. పూర్వము సరకు నిండువరకును, గాలి యనుకూలించువరకును ఓడ రేవున నిలిచియుండెడిది. ప్రయాణికుడు దినములకొలది, ఒక్కొకప్పుడు వారములకొలది వేచియుండవలసి వచ్చెడిది. 1818వ సంవత్సరము జనవరి 5వ తేదిని 'జేమ్సు మన్రో' అను తెరచాపయోడ మంచు కురియుచుండగా, ప్రకటించిన దినముననే న్యూయార్కునుండి లివరుపూలునకు బయలుదేరెను. అందున్న ప్రయాణికులు ఎనమండుగురే. ఓడ నిండకున్నను కదలెను. బ్లాకుబాలు లైను అను పేర బ్రసిద్ధమైన యీ కంపెనీ చూపిన మార్గమునే తరువాతివారందరును అనుసరించిరి.

తెరచాపయోడ బయలుదేరు దినమును నిర్ణయింపవచ్చును గాని చేరు దినమును నిర్ణయింపజాలదు. ఆ లోపమును దీర్చినది పొగయోడ. అయితే అట్లాంటికు సముద్రమును దాటుటకు వలసిన బొగ్గు నంతయు నొక యోడ మోయజాలదని పలువురు శంకించిరి. బ్రునెలు అను ఇంజనీరు ఈ శంకకు గణితముతో సమాధానము చెప్పెను. ఓడ పొడవును, వెడల్పును, లోతును రెండింతలు చేసినచో లోపల పట్టు పరిమాణము ఎనిమిదింతలగును. నీటితో రాపిడి గల యుపరితలము నాలుగింతలే యగును. అనగా ఓడ పెరిగినకొలది బొగ్గునకు చోటు, దాని నడపుటకు వలయు బలముకంటె వేగముగా పెరుగును. ఈ సూత్రముపై నిర్మింపబడిన 'గ్రేటు వెస్టరను' 1838 ఏప్రిలు 8వ తేదిని బ్రిస్టలునుండి బయలుదేరి పదునైదు దినములకు న్యూయార్కు చేరెను. దానికంటె ముందు కార్కునుండి బయలుదేరిన 'సిరియసు' అను చిన్న యోడ కొలది గంటల ముందు చేరినను, దాని బొగ్గు దాదాపుగా నడుగంటినది. గ్రేటు వెస్టరనులో నింకను సుమారు రెండువందల టన్నులు మిగిలియుండెను. పందెమున రెండవదైనను, సిద్ధాంతమున గెలిచినది పెద్దయోడయే. తరువాతి నూరేండ్లలో నోడలు అంతకంతకు పెరుగుటకు ముఖ్యకారణములలో నిదియొకటి.

ఆ తొలి పొగయోడలకు ప్రయాణికుల కేవు మాత్రము చాలినది కాదు. ప్రభుత్వము టపా మోయుటకిచ్చు ద్రవ్యమే వానికి ఆధారము. శామ్యూలు క్యూనార్డు అట్టి యొడంబడికను సంపాదించి, 1840 జులై 4వ తేదిని 'బ్రిటానియా'ను లివరుపూలునుండి నడిపించెను. అందు నూటపదునైదుగురు ప్రయాణికులకు మాత్రమే చోటుండెను. పెనిన్సులరు అండు ఓరియంటలు కంపెనీవారును టపా యొడంబడికలతోడనే తూర్పునకు మార్గమేర్పరచుకొనిరి. ఉత్తరములు వేళకు చేరవలెనను నిర్బంధమువలననే మనుష్యులును వేళకు చేరగలిగిరి.

ఉత్తరములతోపాటు ప్రయాణము చేయగలిగినవారు ధనికులు. సామాన్యజనుల కథ వేరు. కెనడానుండి కలప దెచ్చిన యోడలు మరలిపోవునప్పుడు వట్టిగా పోక, కలప పేర్చిన చోటనే బల్లలమర్చి వలసజనులను నింపుకొనెడివి. ఓడలో వీరిని కొలిచిన విధము చట్టములలో స్పష్టముగా గన్పట్టును. 1803లో ఆంగ్లేయుల చట్టము రెండు టన్నులకొక మనుష్యుడు చొప్పున నెక్కింపవచ్చుననెను. 1819లో అమెరికావారి చట్టము అయిదు టన్నులకిద్దరనెను. టన్ను సరకును కొలుచు మానము. 1847లో ఐర్లండు కరవుకు తాళలేక కెనడాకు వలసపోయిన జనులలో విషజ్వరము ప్రబలి, ఒక్క గ్రోసు దీవియందే అయిదువేలకు పైగా కళేబరములు పూడ్చబడెను. అట్టి యనుభవములతరువాత చట్టములు టన్నును విడిచి, ఒక్కొక్కనికి డెక్కుపై నిన్ని చదరపుటడుగులని కొలువసాగెను. నీరు, ఆహారము, వైద్యుడు అను విషయములును అందు చేరెను.

బంగాళాఖాతమున నీ చరిత్రమే వేరొక విధముగ నడచెను. 1856లో విలియము మెకినను మొదలగువారు కలకత్తా-రంగూనుల నడుమ టపా మోయుటకొక కంపెనీని స్థాపించిరి. 1862లో దానికి బ్రిటిషు ఇండియా స్టీము నావిగేషను కంపెనీ అను పేరు గలిగెను. కాలక్రమమున కాకినాడ, విశాఖపట్టణము, బిమిలిపట్టణము, కళింగపట్టణము మొదలగు రేవులనుండి వేలకొలది తెలుగుకూలీలు ఈ స్టీమర్లలో రంగూనునకు పోయి, బియ్యపుమిల్లులలోను రేవులోను పనిచేసి, చాలమంది పనికాలము ముగియగనే మరలివచ్చుచుండిరి. బర్మావారు తెలుగువారిని 'కోరంగీలు' అని పిలిచిరి. గోదావరీముఖమున ఓడల నిర్మాణమునకు పేరుపొంది, 1839 నాటి తుపానుతో దెబ్బతిన్న కోరంగిరేవు పేరే యిది. రేవు క్షీణించినను దాని పేరు సముద్రమునకావల నొక జాతికి పేరై నిలిచినది.

ఈ కూలీలు 'డెక్కు ప్యాసింజర్లు'. వీరికి గదులు లేవు, మంచములు లేవు. డెక్కుపై చాప పరచుకొన్నంత మేర వీరి చోటు. ఇట్టి ప్రయాణికుల నిమిత్తము హిందూదేశమున 1876లోను 1887లోను ప్రత్యేకచట్టములు పుట్టెను. చట్టమున్నను మనుష్యుని విలువ యేపాటిదో 1880లో 'జెడ్డా' యను నోడ వలన దెలిసెను. సింగపూరునుండి పెనాంగుమీదుగా మక్కాయాత్రికులను సుమారు 950 మందిని దీసికొనిపోవుచుండగా, తుపానులో బాయిలర్లు కదలి ఓడలో నీరు చేరెను. ఉన్న పడవలు అందరకును చాలవు. కెప్టెనును తక్కిన యధికారులలో పెక్కురును పడవనెక్కి, యాత్రికులనట్లే విడిచిపోయిరి. వేరొక యోడ వారిని ఏడెనునకు జేర్పగా, జెడ్డా మునిగిపోయినదని వారు చెప్పిరి. కాని మరునాడే 'ఆంటెనరు' అను స్టీమరు జెడ్డాను లాగుకొనుచు ఏడెను రేవునకు వచ్చెను. అందు యాత్రికులు సజీవులై యుండిరి. విచారణానంతరము కెప్టెను యోగ్యతాపత్రము మూడేండ్లు నిలుపబడెను. జోసెఫు కాన్రాడు 1900లో బ్రకటించిన 'లార్డు జిం' అను నవలకు ఈ వృత్తాంతమే మూలము.

ధనికుల యోడలందును పడవల లెక్క యిట్టిదేయని 1912లో లోకమునకు దెలిసెను. 'టైటానికు' పరిమాణము 46,328 టన్నులు. 1894 నాటి చట్టము పడవల సంఖ్యను ప్రయాణికుల సంఖ్యను బట్టి గాక టన్నులను బట్టి నిర్ణయించెను. పదివేల టన్నులకు మించిన యోడలన్నిటికి నొకే నిబంధన. దానిప్రకారము పదునారు పడవలు చాలును. టైటానికులో నిరువది యుండెను. అనగా నోడ చట్టమును మీరలేదు. అయినను నా పడవలలో పట్టువారు 1,178 మంది. ఓడలో నుండినవారు సుమారు 2,200 మంది. ఏప్రిలు 15వ తేదిని సుమారు 1,500 మంది మృతులైరి. ప్రథమతరగతివారిలో నూటికి అరువదిమందికి పైగా బ్రతుకగా, తృతీయతరగతివారిలో బ్రతికినవారు నాలుగవవంతు మాత్రమే. 1914లో లండనున గూడిన అంతర్జాతీయసభ ఓడలోనున్న ప్రతిమనుష్యునకును పడవలో చోటుండవలెనని నిర్ణయించెను. యుద్ధమువలన నిది యమలునకు రాలేదు. 1929లో మరల నొడంబడిక జరిగెను.

ఈ 1929 నాటి యొడంబడికలో నొక మినహాయింపు గలదు. యాత్రికులవలె పడకలు లేక పెద్దసంఖ్యలో బోవు ప్రయాణికుల యోడలకు సాధారణనియమములను పూర్తిగ నన్వయింప నక్కరలేదనియు, వానికి వేరు నిబంధనలుండవచ్చుననియు దాని తాత్పర్యము. ఆ నిబంధనలు 1931లో సిమ్లా రూల్సు అను పేర వెలువడెను. వానిస్థానమున నూతనమైన యొడంబడిక 1971లోగాని యేర్పడలేదు. మదరాసు-సింగపూరుల నడుమ నడచిన 'రజులా' 1926లో నిర్మింపబడినప్పుడు అయిదువేలకు మించిన డెక్కు ప్రయాణికుల నెక్కించుకొనుటకు అనుమతి బొందినది. దాని పరిమాణము టైటానికులో నయిదవవంతునకంటె తక్కువ.

ఇట్టి యోడలు మూడు కారణములచేత నంతరించెను. 1921, 1924 సంవత్సరముల చట్టములతో అమెరికా వలసలను కట్టడిచేయగా, అట్లాంటికు కంపెనీలకు ముఖ్యాదాయము పోయెను. బంగాళాఖాతమున 1942లో జపానుసైన్యము రంగూనును బట్టుకొనగా సముద్రమార్గము మూతపడి, లక్షలకొలది హిందూదేశీయులు అరకాను, మణిపురముల యడవులగుండ కాలినడకను స్వదేశమునకు బయలుదేరిరి, తెలుగువారెందరో అందుండిరి. 1958లో జెట్టువిమానములు అట్లాంటికును దాటనారంభింపగా దినముల ప్రయాణము గంటలకు దిగెను. క్వీన్ మేరీ 1967లో సేవను విరమించెను. రజులా 1973లో చేతులుమారి, మరుసటియేట విచ్ఛేదింపబడెను. 2004లో నీటి ప్రయాణమునకు వచ్చిన 'క్వీన్ మేరీ 2' వంటివి పూర్వాచారమును నిలుపుచున్నను, నేటి పెద్దయోడలు బహుళముగా విహారమునకే.

మోటుపల్లి శాసనము సరకునకు రక్షణ యిచ్చినది. తరువాతి చట్టములు మనుష్యుని మొదట సరకువలె టన్నులతోను, పిమ్మట నడుగులతోను, తుదకు పడవలో నతనికి గల చోటుతోను కొలిచినవి. ప్రతి కొలతయు నొక విపత్తు వెనుకనే మారినది. డెక్కుపై చాపపరచుకొన్నవానికి మాత్రము ఆ మార్పు మిక్కిలి యాలస్యముగా చేరినది. రంగూను స్టీమర్లలో బోయిన తెలుగుకూలీల ప్రయాణమును వ్రాయబూనువారు ఓడల పేర్లు, తేదులతో తృప్తిపడక, ఒక్కొక్కనికి డెక్కుపై దక్కిన చోటెంతయో కూడ లెక్కించుట యావశ్యకము.