ఏ వారానికీ చెందని రోజు

టోల్కీన్ ఫాంటసీ నవల 'ద లార్డ్ ఆఫ్ ద రింగ్స్' చివరి సంపుటం 1955లో వచ్చింది. కథ ముగిశాక ఉన్న అనుబంధాల్లో ఒకదాన్ని ఆయన పూర్తిగా క్యాలెండర్లకే కేటాయించాడు. హాబిట్ల సీమ షైర్‌లో నెలలు పన్నెండు, ఏ నెలకైనా 30 రోజులే. మిగిలిన అయిదు రోజులూ ఏ నెలలోనూ కలవవు. ఏడాది చివర ఒకటి, కొత్త ఏడాది మొదట ఒకటి, నడివేసవిలో మూడు. అయిదూ పండుగలే! లీపు సంవత్సరంలో వచ్చే అదనపు రోజునూ నడివేసవికే చేర్చి, దాన్ని ఇంకా ఘనంగా జరుపుకుంటారు. విందంటే ప్రాణమిచ్చే హాబిట్లు మిగులు రోజులను ఇంకేం చేస్తారు? కల్పిత లోకపు క్యాలెండర్ చేతికొస్తే నేను ముందు నెలల పేర్లు చూడను. లెక్కకు లొంగని ఆ నాలుగైదు రోజులను అక్కడి జనం ఏం చేశారో చూస్తాను. వాళ్ల స్వభావం అక్కడే దొరుకుతుంది.

షైర్‌లో నడివేసవి మూడు రోజుల్లో నడిమిదానికి వారం పేరు లేదు. దానికి ముందు రోజు శుక్రవారం, లీపు లేని ఏడాదిలో తర్వాతి రోజు శనివారం. నడుమ ఉన్నది ఏ వారమూ కాదు. లీపు రోజూ అంతే. దాంతో వారాలకు అందేవి 364 రోజులు, అంటే సరిగ్గా 52 వారాలు. ఓ హాబిట్ పుట్టినరోజు ఆదివారం పడిందంటే బతికినన్నాళ్లూ ఆదివారమే. గోడమీది క్యాలెండర్ మార్చే పనే లేదు.

అక్కడ వారం శనివారంతో మొదలై శుక్రవారంతో ముగుస్తుంది. శుక్రవారమే పెద్ద రోజు: మధ్యాహ్నం నుంచి సెలవు, సాయంత్రం విందు. అయితే ఈ అమరికలో ఏ నెలా శుక్రవారంతో మొదలవదు. అందుకే ఎన్నటికీ జరగని పని గురించి షైర్‌లో 'శుక్రవారం ఒకటో తారీఖున' అని హాస్యమాడతారు. మన కుందేటి కొమ్ము లాంటిదే. పందులు ఎగిరినా, చెట్లు నడిచినా ఆ రోజే జరగాలి! టోల్కీన్ అక్కడితో ఆగకుండా, అసలు లేనే లేని ఒక నెల పేరునూ ఆ తారీఖుకు తగిలించాడు. అదే కథలో చెట్లను పోలిన ఎంట్లు నిజంగానే నడిచి యుద్ధానికి వెళతాయి. క్యాలెండర్‌లోంచి ఒక నుడికారం పుట్టిందంటే, రచయిత ఆ సీమలో మనసా కాపురం ఉన్నాడన్నమాట.

వారం లేని రోజు కథల్లోనే ఉంటుందనుకోకండి. అలాంటి రోజులతో ప్రపంచమంతటికీ ఒకే క్యాలెండర్ ఉండాలని ఎలిజబెత్ అకెలిస్ అనే అమెరికన్ మహిళ 1930లో ఏకంగా ఒక సంఘమే స్థాపించారు. డిసెంబర్ చివర ఒక రోజు, లీపు ఏడాదిలో జూన్ చివర ఇంకో రోజు, రెంటికీ వారం పేరు ఉండదు. 1950లలో ఆ ప్రతిపాదనను ఐక్యరాజ్యసమితి ముందుకు తెచ్చింది మన దేశమే. భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా దాన్ని గట్టిగా సమర్థించారు. ఏడు రోజుల వరస తెగితే తమ ఆరాధన దినం తారుమారవుతుందని మతసంస్థలు అభ్యంతరం చెప్పాయి. 1955లో అమెరికా వద్దనడంతో అది మూలపడింది. షైర్ క్యాలెండర్ అచ్చయిందీ ఆ ఏడాదే.

మళ్లీ టోల్కీన్ లోకానికి వస్తే, అక్కడి ఎల్ఫ్‌ జాతికి ముసలితనం లేదు కాబట్టి వాళ్ల కాలానికి కొలమానమూ పెద్దదే. 'యేన్' అనే వాళ్ల దీర్ఘ సంవత్సరం మన 144 ఏళ్లతో సమానం, 52,596 రోజులు. వాళ్ల వారానికి ఆరు రోజులు. భాగించి చూడండి, శేషం లేకుండా 8,766 వారాలు వస్తాయి. సంకల్పం చెప్పేటప్పుడు శ్వేతవరాహ కల్పం నుంచి మొదలుపెట్టి ఆనాటి తిథి దాకా దిగివచ్చేవాళ్లం మనం. మన ఏడాది దేవతలకు ఒక్క రోజని విన్నవాళ్లం. మనకు యేన్ వింతగా తోచదు.

అంత లెక్కలు కట్టిన టోల్కీన్‌నూ చంద్రుడు తిప్పలు పెట్టాడు. కథలో విడిపోయిన బృందాలు వేర్వేరు దారుల్లో నడుస్తుంటే, ఒకచోట చంద్రుడు ఉదయిస్తున్న వేళకే మరోచోట అస్తమిస్తున్నాడు. 1944లో కొడుకు క్రిస్టఫర్‌కు రాసిన ఉత్తరంలో ఆయనే ఈ సంగతి చెప్పాడు. వెనక అధ్యాయాల్లో కొన్ని భాగాలు తిరగరాయక తప్పలేదు. పున్నమి నాడు పున్నమే ఉండాలన్న ఆ పట్టుదల నాకెంతో ఇష్టం.

టోల్కీన్ కథకు కేంద్రమైన ఉంగరం నాశనమైన మార్చి 25ను ఆ లోకంలోని గోండోర్ రాజ్యం ఆ తర్వాత కొత్త సంవత్సరాదిగా చేసుకుంది. ఇంగ్లండ్‌లోనూ 1752కు ముందు చట్టం ప్రకారం ఏడాది మార్చి 25నే మొదలయ్యేది.

ఇతర రచయితల లోకాలకూ సొంత లెక్కలున్నాయి. టెర్రీ ప్రాచెట్ డిస్క్‌వరల్డ్‌లో వారానికి ఎనిమిది రోజులు. బ్రాండన్ శాండర్సన్ సృష్టించిన రోషార్‌లో ఏడాదికి 500 రోజులు, పది నెలలు, వారానికి అయిదే రోజులు. ఎబెరాన్ ఆటలోకానికి పన్నెండు చందమామలు, నెలకొక చందమామ పేరు. 'ఫర్గాటెన్ రెల్మ్స్' ఆటలోకంలో వారం పది రోజులు. 30 రోజుల నెలలు పన్నెండు పోగా అక్కడా మిగిలేవి అయిదు పండుగలే.

ఈ 360కి అయిదు కలిపే పద్ధతి ప్రాచీన ఈజిప్టుది. దాని వెనకున్న కథ ఏ ఫాంటసీకీ తీసిపోదు. ఆకాశదేవత నూట్ ఏ నెలలోనూ, ఏ ఏడాదిలోనూ ప్రసవించకూడదని సూర్యుడు శపించాడట. ఆమెను ఆదుకోవడానికి ఒక దేవుడు చంద్రుడితో జూదమాడి, వెన్నెలలో కొంత వాటా గెలిచి, దాంతో అయిదు కొత్త రోజులు తయారుచేశాడు. అవి ఏ నెలకూ చెందవు కనుక శాపం వాటిని తాకలేదు. గ్రీకు రచయిత ప్లూటార్క్ రాసిపెట్టిన ఈ కథలో ఆ దేవుడు హెర్మిస్, ఈజిప్షియన్ల థోత్. ఒసైరిస్, పెద్ద హోరస్, సెట్, ఐసిస్, నెఫ్తిస్ రోజుకొకరు చొప్పున పుట్టారు. అన్నను చంపిన సెట్ పుట్టిన మూడో రోజు మాత్రం అశుభం. ఆ రోజు రాజులు ఏ రాచకార్యమూ చేపట్టేవారు కాదని ప్లూటార్క్ చెబుతాడు.