ఆకుల సాలు, పద్యపు సాలు

పారిభాషిక పదమనగానే మన విద్యార్థులకు జంకు కలుగుట సహజము. వృక్షశాస్త్ర విద్యార్థి పరీక్షకు ముందు రాత్రి కంఠస్థము చేయు పదములలో 'డిస్టికస్' అనునది ఒకటి. రెండు నిలువు వరుసలలో అమరిన ఆకులు అని గైడులో ఒక పంక్తి అర్థము ఉండును. పరీక్ష ముగిసిన పిమ్మట ఆ మాటతో ఎవరికిని పని లేదు. అదే బల్లపై పక్కన కూర్చున్న ఆంగ్లసాహిత్య విద్యార్థి తన పుస్తకములో 'డిస్టిక్' అను మాటను చూచును. రెండు పంక్తుల పద్యమని అతడును కంఠస్థము చేయును. తామిద్దరును ఒకే మాటను చదువుచున్నామని ఈ ఇద్దరిలో ఒక్కరికిని తోచదు. మేము బోధించునది తెలుగు. మొక్కల శాస్త్రము మా అధికార పరిధిలోనిది కాదు. అయినను ఈ మాటను గూర్చి ఇటు తెలుగు శాఖవారికిని, అటు ఉర్దూ శాఖవారికిని చెప్పదగిన విషయములు కొన్ని ఉన్నవని తలచి ఈ వ్యాసమునకు పూనుకొంటిమి.

గ్రీకు భాషలో 'స్టికోస్' అనగా వరుస. సైనికుల బారు, చెట్ల వరుస, వ్రాతలోని పంక్తి, అన్నియు స్టికోస్‌లే. దానికి ముందు 'డి' చేరినచో రెండు వరుసలు. 1753లో లిన్నేయస్ మొక్కలకు పేర్లు పెట్టునపుడు, వెన్నుపై గింజలు రెండు వరుసలుగా నిలుచు బార్లీని 'హోర్డియం డిస్టికాన్' అనెను. కనురెప్పపై వెండ్రుకలు ఒక వరుసకు బదులు రెండు వరుసలుగా మొలచు స్థితిని నేత్రవైద్యులు డిస్టికియాసిస్ అందురు. కనుక ఈ మాటలో ఆకును లేదు, పద్యమును లేదు. ఉన్నది వరుస మాత్రమే.

ఆంగ్లములో పద్యమునకు వాడు 'వర్స్' అను మాట ఇంతకంటె మన ఊళ్ళకు దగ్గరిది. దానికి మూలము లాటిన్ 'వెర్సుస్'. మళ్ళుట అను ధాతువునుండి పుట్టి, నాగలి మళ్ళిన చాలు అనియు, వ్రాతలోని పంక్తి అనియు దానికి అర్థము. రాయలసీమ రైతు ఈ చాలునే 'సాలు' అనును. కంబదూరునకు కన్నడ సీమ ఎంతో దూరము కాదు. ఆ భాషలో 'సాలు' అనగా వరుసయు, వ్రాసిన పంక్తియు కూడ. (ఈ సాలు పంట పోయినది అనునపుడు వచ్చు 'సాలు' పారసీకము నుండి ఉర్దూ ద్వారా వచ్చిన వేరొక మాట, దానికి సంవత్సరమని అర్థము. రెంటిని కలుపరాదు.)

ఇక ఆకు సంగతి. కళ్యాణదుర్గము ప్రక్కనున్న కంబదూరు ప్రాంతము వాన మబ్బుకై ఎదురుచూచు మెట్ట నేల. అనంతపురము జిల్లా సగటు వర్షపాతమే ఏటికి 550 మిల్లీమీటర్లకు కొంచెము పైమాట. అక్కడ చేనిలో నిలిచిన ఒక జొన్న మొక్కను చూడుడు. ఒక ఆకు తూర్పునకు వచ్చినచో తరువాతి కణుపు వద్ద ఆకు పడమటికి వచ్చును. మూడవది మరల తూర్పున, మొదటిదానికి సరిగా పైన. ఒక ఆకునుండి తరువాతి ఆకునకు కాండము చుట్టు సగము తిరుగుడు, అనగా 180 డిగ్రీలు. అందుచేత మొక్క ఎంత ఎత్తు పెరిగినను ఆకుల సాళ్ళు రెండే. సజ్జ, కొర్ర, వరి, గట్టున పెరుగు గరిక, అన్నియు ఇట్టివే. సీతాఫలపు కొమ్మయు, రేగు కొమ్మయు ఇదే తీరు. తుంగ మాత్రము గరిక వలె కనిపించినను ఆ జాతిది కాదు. దాని ఆకులు మూడు సాళ్ళు. పూకాడను వ్రేళ్ళ నడుమ త్రిప్పి చూచినచో మూడు అంచులు తగులును. కలుపు తీయు స్త్రీలు ఈ భేదమును చేతితోనే కనిపెట్టుదురు. వారికి గ్రీకు మాటతో పనిలేదు.

ఇచట ఒక పొరపాటును తొలగింపవలసి యున్నది. రెండు వరుసలనగానే పలువురు విద్యార్థులు ఎదురెదురు ఆకులని వ్రాయుచున్నారు. ఎదురెదురు ఆకులు, అనగా అభిముఖ విన్యాసము, వేరు. జిల్లేడులో వలె ఒకే కణుపు వద్ద రెండు ఆకులు ఒకేసారి పుట్టును. జొన్నలో ఒక కణుపునకు ఒక ఆకే. రెండవ ఆకు కొంత ఎడము విడిచి, కొంత ఎత్తున, మొదటి ఆకునకు బదులు చెప్పినట్లు వచ్చును.

ముషాయిరాకు వెళ్ళినవారికి ఈ తీరు పరిచితమే. కవి మొదటి మిస్రాను చదువును, మరల చదువును, సభ ఎదురుచూచును, అప్పుడు రెండవ మిస్రా వచ్చి షేర్ పూర్తియగును. రెండును ఒక్కసారిగా వచ్చినచో షేర్‌లోని రుచియే పోవును. 'మిస్రా' అను అరబ్బీ మాటకు మూలార్థము రెండు రెక్కల తలుపులో ఒక రెక్క. 'బైత్' అనగా ఇల్లు, గుడారము. రెండు రెక్కలు కలిసినగాని ఇంటికి ద్వారము లేదు. రెండు మిస్రాలు కలిసినగాని బైత్ లేదు. ఆంగ్లములో తలుపు రెక్కను ఆకు అను అర్థము గల 'లీఫ్' అను మాటతోనే పిలుతురు. ఈ చమత్కారమును మేము కల్పించలేదు, భాషలే కల్పించినవి.

తెలుగువారు పద్యపు పంక్తికి పాదమని పేరు పెట్టిరి. అట్టివి రెండైనచో ద్విపద. పాదమునకు మూడు ఇంద్రగణములు, ఒక సూర్యగణము. మూడవ గణము మొదటి అక్షరమునకు యతి. రెండు పాదములకును రెండవ అక్షరమున ప్రాస. ప్రాస నియమము లేనిది మంజరీ ద్విపద. పాల్కురికి సోమనాథుడు 13వ శతాబ్దిలో బసవపురాణమును ద్విపదలో వ్రాసెను. గోన బుద్ధారెడ్డి రంగనాథ రామాయణమును ద్విపదయే. తాళ్ళపాక తిమ్మక్క సుభద్రా కళ్యాణము మంజరీ ద్విపద. పాడుకొనుటకును, కథ నడుపుటకును ద్విపదకంటె అనువైన ఛందస్సు తెలుగున అరుదు. పండితులు దానిని చిరకాలము చిన్నచూపు చూచిరి. ఆ చూపు న్యాయమైనదని మేము తలపము.

ద్విపదకు ఉర్దూలో సరియైన జోడు గజల్ షేర్ కాదు, మస్నవీ. గజల్‌లో ఒక్కొక్క షేర్ తనంత తాను నిలుచును. వాటిని కలుపునది కాఫియా, రదీఫులే. మస్నవీలో జంట వెంట జంటగా కథ సాగును. ప్రతి జంటకును దాని అంత్యప్రాస దానిదే. 'మస్నవీ' అను పేరే అరబ్బీలో రెండు అను సంఖ్యనుండి వచ్చినది. గోల్కొండలో ముల్లా వజ్హీ 1609లో రచించిన కుతుబ్ ముష్తరీ మస్నవీయే. అనగా ఒకే దక్కనులో ఒకరు జంట పాదములలో, మరియొకరు జంట మిస్రాలలో కథలు చెప్పుకొనిరి. ప్రాస ఒకరికి పాదము మొదట రెండవ అక్షరమున, ఇంకొకరికి పాదము చివర. మన కళాశాలలో రెండవ భాషగా తెలుగు తీసికొన్నవారు ఒక గదిలోను, ఉర్దూ తీసికొన్నవారు వేరొక గదిలోను కూర్చుందురు. ఒకరి గదిలో ద్విపద జరుగునపుడు, రెండవ గదిలో మస్నవీ జరుగుచుండును. నడుమనున్న గోడ మందము తొమ్మిది అంగుళములు.

రెండు దాటిన పిమ్మట జోడు కుదుర్చుట మాటల ఆటయే యగును గాని, ఒకటి రెండు చెప్పవచ్చును. తుంగ వలె మూడు సాళ్ళదానికి కన్నడ త్రిపది కలదు. సర్వజ్ఞుడు చెప్పినవన్నియు త్రిపదులే. తులసి, తుమ్మి మొక్కలలో ఆకులు ఎదురెదురు జంటలుగా వచ్చి, ఒక జంట క్రింది జంటకు అడ్డముగా నిలుచును. పైనుండి చూచినచో నాలుగు సాళ్ళు. మన వృత్తములకు నాలుగు పాదములు, రుబాయీకి నాలుగు మిస్రాలు.

ఈ డిస్టికస్ అను మాటను తెలుగున ఏమనవలెను? 1968లో తెలుగు అకాడమి ఏర్పడిన తరువాత పాఠ్యగ్రంథములలో 'పత్రవిన్యాసము' వంటి పదములు స్థిరపడినవి. ఆ పద్ధతిలో ద్విపంక్తిక అనవచ్చును. వ్యాకరణ దోషమేమియు లేదు. అంతకు అర్ధశతాబ్దము ముందు, 1918లో వెలసిన ఉస్మానియా విశ్వవిద్యాలయము శాస్త్రములన్నిటిని ఉర్దూలో బోధించుటకు పూనుకొన్నపుడు, అరబ్బీ పారసీక ధాతువులనుండి వేలకొలది పదములను కూర్పవలసి వచ్చెను. సంస్కృతమును, అరబ్బీయు ఈ పనికి సమర్థములే. కాని కంబదూరు నుండి వచ్చిన బాలునకు గ్రీకు డిస్టికస్ ఎంత దూరమో ద్విపంక్తికయు దాదాపు అంత దూరమే. 'రెండుసాళ్ళ ఆకు' అన్నచో అతనికి వ్యాఖ్యానము అక్కరలేదు. గ్రీకులు తమ పొలములోని మాటనే శాస్త్రమునకు ఇచ్చిరి. మన పొలములోని మాట శాస్త్రమునకు చాలదనుట ఎట్లు? పరీక్షలో ద్విపంక్తిక వ్రాయుటకు మా అభ్యంతరము లేదు. తరగతిలో సాలు అని మొదలుపెట్టవలెనని మా పట్టుదల.

అసలు ఈ సాళ్ళను లెక్కించుట వలన ప్రయోజనమేమి? వేరుసెనగ చేను దీనికి సమాధానము చెప్పును. జిల్లాలో దాని విస్తీర్ణము ఇటీవల తగ్గినను, ఈ సీమకు శెనక్కాయయే చిరకాలము ప్రధానమైన పంట. గింజ మొలచినపుడు నడుమ ఒక నిలువు కాండమును, బీజదళముల మొదళ్ళ నుండి ఎదురెదురుగా రెండు ప్రక్కకొమ్మలును బయలుదేరును. ప్రక్కకొమ్మలపై ఆకులు జొన్న వలె రెండు సాళ్ళే. నడిమి కాండముపై అట్లు కాదు. ఒక ఆకు మొదట దారము కట్టి, పైకి వచ్చిన ప్రతి ఆకు మొదటిని తాకించుచు చుట్టినచో, దారము రెండు చుట్లు తిరిగి ఆరవ ఆకు వద్ద మొదటి ఆకునకు సరిగా పైకి చేరును. రెండు చుట్లకు ఐదు ఆకులు గనుక దీనిని 2/5 విన్యాసమందురు. ఒకే మొక్క నడుమ ఐదు సాళ్ళు, ప్రక్కల రెండు సాళ్ళు.

ఆకు మొదటనే, అనగా గ్రీవమున, కొమ్మయో పూవో పుట్టవలెను. కావున ఆకు ఎచట నున్నదో అచటనే రాబోవు కాయ చోటును నిర్ణయమై యున్నది. పూవు వాడిన పిమ్మట దానినుండి ఊడ దిగి నేల చొచ్చి కాయ యగును. నేలను అంటియున్న మొదటి రెండు కొమ్మల మొదళ్ళలో దిగిన ఊడలే అధికముగా ఫలించును; పై కణుపుల నుండి దిగినవి నేలను అందుకొనలేక ఎండిపోవును. ఊడలు దిగు ఆ కొలది వారములలో వాన ముఖము చాటుచేసినచో మన్ను గట్టిపడి, అందిన ఊడకు కూడ చొరబాటు దొరకదు. కోతనాడు కట్టె పీకి కాయలు లెక్కించు రైతునకు, ఏ కణుపు కాచినదో ఏ కణుపు వంచించినదో ఎవరును చెప్పనక్కరలేదు.

ఈ భిన్నములను గూర్చి ఒక వింత గలదు. 1830 ప్రాంతమున షింపర్, బ్రౌన్ అను జర్మను శాస్త్రజ్ఞులు ఇట్టి విన్యాసములను లెక్కించి వరుస పెట్టిరి: 1/2, 1/3, 2/5, 3/8, 5/13. పై సంఖ్యలలోను, క్రింది సంఖ్యలలోను ప్రతిదియు తన ముందరి రెంటి మొత్తము. ఐరోపావారు దీనిని ఫిబొనాచ్చి శ్రేణి అందురు. అతని గ్రంథము 1202 నాటిది. అయితే సుమారు 1150లో హేమచంద్రుడు ఛందస్సును వివరించుచు ఇదే లెక్క చెప్పియుండెను. అతనికి పూర్వుడైన విరహాంకుడును ఎరుగును.

మన పదవ తరగతి విద్యార్థియే దీనిని సరిచూడవచ్చును. లఘువునకు ఒక మాత్ర, గురువునకు రెండు. రెండు మాత్రలను రెండు విధముల, మూడు మాత్రలను మూడు విధముల కూర్పవచ్చును. నాలుగు మాత్రల కూర్పు లఘువుతో ముగిసినచో ముందు మిగులునవి మూడు మాత్రలు, గురువుతో ముగిసినచో రెండు మాత్రలు. కనుక మూడును రెండును కలిసి ఐదు విధములు. ఐదు మాత్రలకు ఎనిమిది. తెలుగు ఛందస్సు వీటిలో కొన్నిటినే ఏరుకొనెను. సూర్యగణములు న, హ రెండును మూడేసి మాత్రలవి. ఇంద్రగణములలో నల, భ నాలుగేసి. నగ, సల, ర, త ఐదేసి. అందుచే ద్విపద పాదమునకు పదునైదునకు తక్కువ గాని, పదునెనిమిదికి మించి గాని మాత్రలు రావు.

దీనిని బట్టి మన పూర్వులు ఆకులు లెక్కపెట్టి ఛందస్సు కూర్చిరని చెప్పుట అతిశయోక్తి. పద్యములో ఈ సంఖ్యలు పుట్టుటకు కారణము లఘుగురువుల కూడిక. మొక్క కొనయందు కారణము వేరు: క్రొత్త ఆకు మొలక తన ముందరి మొలకలకు వీలైనంత ఎడముగా, ఖాళీ ఉన్న చోట తల యెత్తును. ఈ సూత్రమును 1868లో హోఫ్‌మైస్టర్ చెప్పెను. 1992లో దువాదీ, కూదే అను ఫ్రెంచి భౌతికశాస్త్రజ్ఞులు, ఒకదాని నొకటి నెట్టుకొను అయస్కాంత ద్రవపు బిందువులతో అవే వరుసలను ప్రయోగశాలలో రప్పించిరి. కారణములు రెండు, సంఖ్యలు ఒకటే.

చేనిలో లెక్కించి చూడగోరు విద్యార్థులకు ఒక హెచ్చరిక. వేరుసెనగలో ఒక కాడకు నాలుగు చిన్న రేకులుండును. వాటిని నాలుగు ఆకులనుకొన్నచో లెక్క మొదటనే తప్పును. ఆ నాలుగును కలిసి ఒక ఆకు, లెక్కింపవలసినది కాడను. ఉర్దూ దీవానులలోను ఇట్టి చిక్కే కలదు. అచ్చులో బైత్‌ను కొందరు నడుమ ఖాళీ విడిచి ఒకే పంక్తిగా వేయుదురు, కొందరు ఒకదాని క్రింద ఒకటిగా రెండు పంక్తులు వేయుదురు. పంక్తులను లెక్కించినవాడు ఒక ప్రతికి నూరు, అదే గ్రంథపు వేరొక ప్రతికి రెండువందలు అనును. అచట లెక్కింపవలసినది బైత్‌ను.