'ముజబ్‌జబీన్' అంటే ఎవరు?



ఏ సంగతీ తేల్చుకోలేక ఊగిసలాడేవాడు 'తజబ్‌జుబ్'లో పడ్డాడని మన సికింద్రాబాద్ ఇళ్లలో పెద్దలు ఉర్దూలో అంటుంటారు. పెళ్లి సంబంధానికైనా, దుబాయ్ ప్రయాణానికైనా అదే మాట. దివ్య ఖుర్ఆన్‌లోని సూరతున్నిసా 143వ ఆయతు కపటులను వర్ణిస్తూ వాడిన 'ముజబ్‌జబీన్' కూడా ఆ మాట కుటుంబంలోనిదే. ఇటీవల ఇషా నమాజు అనంతరం ఒక యువకుడు కన్నీళ్లతో మా వద్దకు వచ్చాడు. "హజ్రత్, రమజాన్‌లో ఉన్న మనసు ఇప్పుడు నాకు లేదు. నేనూ వారిలో ఒకడినా?" అని అడిగాడు.

దీని మూలక్రియ 'జబ్‌జబ'. 'జబ్బ' అనగా తోలివేయుట. అరబీలో ఈగను 'జుబాబ్' అంటారు. అందులోనూ ఈ అక్షరాలే ఉన్నాయి. అక్షరాలు జంటగా మళ్లీ వస్తే పని పదేపదే జరుగుతున్నదని భావం. జల్‌జల అంటే కంపించుట, వస్‌వస అంటే గుసగుసలాడుట. మదర్సాలో ఈ సర్ఫ్ పాఠం మాకు విసుగ్గా ఉండేది గానీ, రెపరెపలాడు, తటపటాయించు అనే తెలుగువారికి ఇందులో కొత్తేమీ లేదు. నేటి అరబీ భౌతికశాస్త్రంలో కంపనాన్ని 'జబ్‌జబహ్' అనే అంటారు.

అయితే 'ముజబ్‌జబ్' కర్మార్థక రూపం. ఊగేవాడని కాదు, అటూ ఇటూ తోలబడేవాడని అర్థం. అతణ్ని తోలేది ఏది? 141వ ఆయతు చూడండి. విజయం విశ్వాసులదైతే వారితో ఉన్నామంటారు, అవిశ్వాసులది పైచేయి అయితే వారి దగ్గర మేలు చెప్పుకుంటారు. వారిని నడిపేది లాభం. రెండు మందల మధ్య ఇటొకసారి, అటొకసారి పరుగెత్తే గొర్రెతో దైవప్రవక్త (స.అ.సం) కపటిని పోల్చిన హదీసు సహీహ్ ముస్లింలో ఉంది.

మనసు చల్లబడటం వేరు. హజ్రత్ హన్‌జలా (రజి) తాను కపటినైపోయానని భయపడ్డారు. ప్రవక్త సన్నిధిలో స్వర్గనరకాలు కళ్లెదుట ఉన్నట్లుండేవి. ఇంటికి వెళ్లి ఆలుబిడ్డలతో, ఆస్తిపాస్తులతో మునిగితే చాలా మరచిపోయేవారు. తన పరిస్థితీ అంతేనని హజ్రత్ అబూబక్ర్ (రజి) అన్నారు. ఇద్దరూ వెళ్లి విన్నవించుకోగా ప్రవక్త (స.అ.సం) వారిని కపటులనలేదు, ఒక ఘడియ అలా, ఒక ఘడియ ఇలా ఉంటుందని ఓదార్చారు. హృదయానికి అరబీ పేరైన 'ఖల్బ్'లోనే మరలుట అనే ధాతువు ఉంది కదా!

హృదయాలను మరల్చేవాడా, నా హృదయాన్ని నీ ధర్మంపై నిలుపుమనే దుఆను ప్రవక్త (స.అ.సం) తరచుగా చేసేవారు. దానినే కాగితంపై వ్రాసి ఆ యువకుని చేతికిచ్చాము.