మోకాళ్లపై మొక్కుబడి

విజయవాడ: గుణదల కొండపై మేరీమాత ఉత్సవాలు ఏటా ఫిబ్రవరి 9, 10, 11 తేదీల్లో జరుగుతాయి. 1858లో ఫ్రాన్స్‌లోని లూర్దులో బెర్నదెత్‌ అనే బాలికకు మాత తొలి దర్శనమిచ్చినది ఫిబ్రవరి 11నే అని కథోలికుల విశ్వాసం. 1924లో ఫాదర్‌ ఆర్లాటి గుణదలలో మాత స్వరూపాన్ని ప్రతిష్ఠించారు.

ఊరేగింపులో అందరూ కలిసి నడిచినా, మొక్కు మాత్రం ఎవరిది వారిదే. కొందరు మోకాళ్లపై మెట్లెక్కుతారు. తలనీలాలిచ్చేవారు, కొబ్బరికాయలు కొట్టేవారు ఉంటారు, హిందువులూ వస్తారు. ఇవేవీ కథోలిక సభ విధించిన నియమాలు కావు, ఈ నేల అలవాట్లు. వరమిచ్చేది దేవుడే, మాత మన పక్షాన వేడుకుంటుందన్నది సభ బోధ. కనుక మొక్కు బేరం కాదు. సంతానం కలిగి బిడ్డనెత్తుకొచ్చే తల్లికి ఈ మాట సులువే. ఒడి నిండకనే మళ్లీ కొండెక్కే ఇల్లాలికి ప్రతి మెట్టూ దానికి పరీక్షే. ఆమె చేతిలోనూ కొవ్వొత్తి ఉంటుంది.